ఉందో లేదో తెలియని చేప

(విశాఖపట్నంలో విద్యార్థులు, ప్రకృతి ప్రేమికులు కలిసిన ఒక సభలో జంతుశాస్త్ర విశ్రాంత అధ్యాపకుడు చేసిన ప్రసంగం, చివర్లో జరిగిన ప్రశ్నోత్తరాలతో సహా)

అందరికీ నమస్కారం. ఆదివారం సాయంత్రం బీచ్‌కి పోకుండా ఒక చేప గురించి వినడానికి ఇంతమంది వచ్చారు, చాలా సంతోషం. ముందే చెప్పేస్తాను, ఇది పులుసు పెట్టుకునే చేప కాదు. (నవ్వులు) అక్వేరియంలో పెట్టుకుని మురిసిపోయేంత అందగత్తె కూడా కాదు. మన దేశపుదీ కాదు. అమెరికాలో మేరీలాండ్ అనే రాష్ట్రం ఉంది కదా, అక్కడ ఒక మూల, రెండు మూడు ఏర్లలో తప్ప ప్రపంచంలో ఇంకెక్కడా దొరకని చేప. మేరీలాండ్ డార్టర్ అంటారు. శాస్త్రీయ నామం ఎథియోస్టోమా సెల్లారే. అది చివరిసారి మనిషి కంటపడింది 1988లో. ఆ తర్వాత లేదు. అంటే, లేదని కాదు, కనబడలేదు. ఈ రెండు మాటలకీ మధ్య ఉన్న దూరం గురించే ఇవాళ మాట్లాడతాను.

విశాఖలో కూర్చుని మేరీలాండ్ చేప సంగతి మనకెందుకండీ అని ఇందాక టీ దగ్గర ఒకాయన అడిగారు. న్యాయమైన ప్రశ్నే. నా జవాబు ఏంటంటే, ఆ చేప ఎప్పుడు దొరికిందో, ఏ ఏట్లో దొరికిందో, ఎన్ని దొరికాయో, ఆఖరుసారి ఎప్పుడు కనబడిందో అన్నీ రాసిపెట్టి ఉన్నాయి. అందుకే దాని గురించి ఇంత దూరంలో కూర్చుని నేను మాట్లాడగలుగుతున్నాను. మన గెడ్డల్లో, అంటే ఇక్కడి వాగుల్లో, చేపల గురించి అలా మాట్లాడలేను. అక్కడ ఏదైనా పోయి ఉంటే, పోయిందన్న సంగతి కూడా మనకు తెలిసే దారి లేదు.

సరే, ముందు చేపను పరిచయం చేస్తాను. వేలెడు పొడవు. మహా అయితే ఏడు సెంటీమీటర్లు. ఒళ్లంతా మట్టిరంగు, వీపు మీద గుర్రానికి జీను వేసినట్టు నాలుగు నల్లటి పట్టీలు అడ్డంగా ఉంటాయి. సెల్లారే అన్న పేరు ఆ జీనుల వల్లే వచ్చింది. డార్టర్ల జాతిలో చాలా వాటికి ఒంట్లో గాలితిత్తి ఉండదు. మామూలు చేపలు ఆ తిత్తి సాయంతోనే నీళ్ల మధ్యలో తేలుతూ నిలబడతాయి. ఇవి అలా నిలబడలేవు. అడుగున రాళ్ల మధ్య కూర్చుంటాయి. పురుగో నత్తో కనబడితే బాణంలా దూసుకుపోయి మళ్లీ ఇంకో రాయి పక్కన కూర్చుంటాయి. మన ఇసుకదొందు తెలుసు కదా? దానికీ దీనికీ చుట్టరికం ఏమీ లేదు, కానీ అడుగున అంటిపెట్టుకుని బతకడంలో ఇద్దరిదీ ఒకే పద్ధతి.

అడుగున బతికే చేపకు అడుగు ఎలా ఉందన్నదే ప్రాణం. ఇది గుర్తుపెట్టుకోండి, కథంతా దీని మీదే నడుస్తుంది.

1912లో ర్యాడ్‌క్లిఫ్, వెల్ష్ అనే ఇద్దరు పరిశోధకులకు స్వాన్ క్రీక్ అనే ఏట్లో ఈ చేపలు రెండు దొరికాయి. రెండే. మరుసటి ఏడాది 1913లో కొత్త జాతి అని పేరుపెట్టి ప్రచురించారు. ఆ తర్వాత యాభై ఏళ్ల పాటు ఎవరికీ కనబడలేదు. రెండు ప్రపంచ యుద్ధాలు జరిగిపోయాయి, ఈ చేప అజ పజ లేదు. 1962లో స్వాన్ క్రీక్‌లోనే కలిసే గ్యాషీస్ రన్ అనే పిల్ల ఏట్లో ఒకే ఒక్క చేపపిల్ల దొరికింది. ఇక వెతుకులాట మొదలైంది. 1965లో, పక్కనే ఉన్న డీర్ క్రీక్ అనే ఇంకో ఏట్లో, రాళ్ల మీద పల్చగా గలగలా పారే ఒక చోట మళ్లీ కొన్ని కనబడ్డాయి. డీర్ క్రీక్ పోయి సస్క్వెహానా అనే పెద్ద నదిలో కలుస్తుంది. ఆ తర్వాత దాదాపు పాతికేళ్ల పాటు ఈ చేప కనబడిందంటే చాలావరకు ఆ డీర్ క్రీక్‌లోనే.

1967లో అమెరికా ప్రభుత్వం అంతరించిపోయే ప్రమాదంలో ఉన్న జీవుల మొదటి జాబితా విడుదల చేసింది. మొత్తం 78 జాతులు. వాళ్ల జాతీయ పక్షిగా పేరున్న బాల్డ్ ఈగిల్ ఉన్న ఆ జాబితాలోనే ఈ వేలెడు చేప కూడా ఉంది. 1984లో అది బతికే ఏటి భాగాలను కీలక ఆవాసంగా ప్రకటించారు. అంటే చట్టం ఉంది, జాబితా ఉంది, హద్దులు గీసిన ఏరు ఉంది. నాలుగేళ్లకు చేప కనబడకుండా పోయింది.

ఎలా పోయింది? విషం కక్కిన ఫ్యాక్టరీ ఏదో ఉందని అనుకుంటారు. అలాంటి విలన్ ఇక్కడ లేడు. ఉన్నది బురద.

మీరు అనంతగిరి కొండల్లో గోస్తని పైభాగానికి ఎప్పుడైనా వెళ్తే ఒక పని చేయండి. రాళ్ల మీద నీళ్లు పరుగెత్తే చోట పాదాలు మునిగేంత లోతులో నిలబడి, పిడికెడంత రాయి ఒకటి తీసి తిరగేయండి. అడుగువైపు ఒక చిన్న ఊరే ఉంటుంది. బల్లపరుపుగా ఉన్న పురుగులు మూడు తోకలు విప్పుకుని రాయికి అతుక్కుని పక్కకు జరుగుతుంటాయి. అవి మేఫ్లై పిల్లలు. ఇసుక రేణువుల్ని ఒకదానికొకటి అతికించి కట్టుకున్న చిన్న గొట్టాలు కనబడతాయి, ఆ గొట్టంలోంచి ఒక పురుగు తల బయటపెట్టి చూస్తుంది. నత్త గుడ్లు జిగురు చుక్కల్లా ఉంటాయి. చూడటం అయ్యాక రాయిని ఎలా ఉందో అలాగే మళ్లీ పెట్టేయండి. తర్వాత కిందికి వచ్చి, పొలాల మధ్యో కొత్త లేఅవుట్ల పక్కనో పారే ఏ గెడ్డలోనైనా అలాంటి రాయినే తీయండి. రాయి మీద వేలు పెట్టి గీస్తే గీత పడుతుంది, అంత మెత్తటి బురద పేరుకుని ఉంటుంది. తిరగేస్తే అడుగు నల్లగా ఉంటుంది, ఒక రకమైన కుళ్లు వాసన వస్తుంది. పురుగులు ఉండవు. ఉన్నా ఎర్రటి సన్నటి పురుగులు నాలుగు ఉంటాయి.

నీళ్లు రెండు చోట్లా తేటగానే కనబడొచ్చు. పైనుంచి చూసేవాడికి ఏటికి ఏమీ కాలేదు. కానీ రాళ్ల సందులు పూడిపోయాయి. ఆ సందుల్లోనే తిండి, ఆ సందుల్లోనే దాక్కునే చోటు, గుడ్లకు గాలి అందేదీ ఆ సందుల్లోంచే. అడుగున బతికే చేపకు ఇల్లు పోవడం అంటే ఇదీ.

డీర్ క్రీక్ చుట్టూ పొలాలు, తర్వాత ఇళ్లు వచ్చాయి. వాన పడ్డప్పుడల్లా మట్టి, ఎరువులు ఏట్లోకి దిగాయి. దానికి తోడు సస్క్వెహానా మీద 1928లోనే కనోవింగో అనే జలవిద్యుత్ డ్యామ్ కట్టారు. డీర్ క్రీక్ ఆ నదిలో కలిసేది డ్యామ్‌కి దిగువనే. కరెంటు అవసరం పెరిగినప్పుడు నీళ్లు వదులుతారు, తగ్గినప్పుడు ఆపుతారు. కిందనున్న నదిలో నీటిమట్టం ఒక్క రోజులోనే పెరుగుతూ తరుగుతూ ఉంటుంది. ఏడు సెంటీమీటర్ల చేప దృష్టిలో అది ఎలా ఉంటుందో ఆలోచించండి. ఫలానా కారణం వల్లే పోయిందని వేలెత్తి చూపడం కష్టం. ఇన్నీ కలిసి పనిచేశాయి అనడమే నిజాయితీ.

ఇప్పుడు అసలు చిక్కు దగ్గరికి వద్దాం. 1988 తర్వాత కనబడలేదు. అయితే పోయినట్టేనా?

ప్రకృతి పరిరక్షణ అంతర్జాతీయ సంఘం, ఐయూసీఎన్ అంటారు, వాళ్ల లెక్క ప్రకారం ఆఖరి ప్రాణి చచ్చిపోయిందనడంలో సహేతుకమైన అనుమానం ఏదీ మిగలనప్పుడే అంతరించింది అనాలి. ఉండగలిగిన చోటల్లా, సరైన కాలంలో, సరైన వేళలో, తగినంత కాలం వెతికి, అయినా దొరకకపోతే అప్పుడు. ఆ స్థాయికి చేరని వాటికి ‘బహుశా అంతరించింది’ అని ఒక ట్యాగ్ తగిలిస్తారు. కోర్టు భాషలో చెప్పాలంటే కేసు కొట్టేయలేదు, తీర్పూ రాలేదు.

పిల్లలకు ఒక చిన్న లెక్క చెప్తాను. ఏట్లో చేప నిజంగానే ఉందనుకోండి. ఒక్కసారి వెతికితే అది దొరికే అవకాశం నూటికి 30 వంతులు అనుకుందాం. పదిసార్లు వెతికినా ప్రతిసారీ తప్పించుకునే అవకాశం ఎంత? సున్నా పాయింట్ ఏడుని పదిసార్లు గుణించండి. నూటికి మూడు కన్నా తక్కువ వస్తుంది. అంటే పదిసార్లు ఖాళీ చేతులతో వస్తే, చేప లేదనుకోవడంలో అర్థం ఉంది. ఇప్పుడు ఆ 30ని 5 చేయండి. చేప చిన్నది, రాయి కింద కూర్చునేది, ఏట్లో ఉన్నవి పదో పరకో. సున్నా పాయింట్ తొమ్మిది అయిదుని పదిసార్లు గుణిస్తే దాదాపు 60 వస్తుంది. అదే పదిసార్లు, అదే ఖాళీ చేతులు, కానీ చేప ఇంకా అక్కడే ఉండి మనల్ని తప్పించుకునే అవకాశం నూటికి 60. కాబట్టి ‘పదిసార్లు వెతికాం, లేదు’ అన్న మాటకు, ఎలా వెతికారో చెప్పకపోతే విలువ లేదు.

అందుకే వెతికే పద్ధతులు మారుతూ వచ్చాయి. స్నార్కెల్ పెట్టుకుని ఏట్లో బోర్లా పడుకుని చూశారు. నీళ్లలోకి కొద్దిగా కరెంటు పంపి, చేపలు క్షణకాలం సొమ్మసిల్లితే చిక్కంతో తీసి, చూసి వదిలేసే పద్ధతి ఉంది. ఇది మనవాళ్లు అక్కడక్కడా చేసే కరెంటు వేట కాదు. దానికీ దీనికీ పోలిక లేదు, దయచేసి ఇంటికెళ్లి ప్రయత్నించకండి. (నవ్వులు) తర్వాత ఇంకో ఆలోచన వచ్చింది. ఇన్నాళ్లూ మోకాలి లోతు ఏట్లోనే వెతుకుతున్నాం, ఒకవేళ చేప లోతైన పెద్ద నదిలోకి దిగిపోయి ఉంటే? దాంతో పడవల మీంచి నది అడుగున లాగే చిన్న ట్రాల్ వలలు తయారుచేసి సస్క్వెహానాలో కూడా గాలించారు. మేరీలాండ్ డార్టర్ మాత్రం చేతికి చిక్కలేదు.

ఇంకా కొత్త పద్ధతి ఒకటుంది, దాన్ని ఈడీఎన్ఏ అంటారు. ప్రతి జీవీ నీళ్లలోకి చర్మపు పొట్టు, జిగురు, మలం వదులుతుంది. బాటిల్‌తో నీళ్లు పట్టి, వడగట్టి, వడపోత కాగితం మీద చిక్కిన డీఎన్ఏని చదివితే ఆ ఏట్లో ఎవరెవరు ఉన్నారో తెలుస్తుంది. వినడానికి మంత్రంలా ఉంటుంది. కానీ నీళ్లలో దొరికిన డీఎన్ఏని దేనితో పోల్చాలి? ఆ చేపది ఒక నమూనా మన దగ్గర ఉండాలి. పాత మ్యూజియం చేపలు చాలావరకు ఫార్మాలిన్‌లో పెట్టినవి, ఫార్మాలిన్ డీఎన్ఏని తుక్కుతుక్కు చేస్తుంది. ఎక్కడ తిరిగినా మళ్లీ సీసాలో ఉన్న ఆ పాత చేప దగ్గరికే వచ్చి పడతాం.

లేదని చెప్పడంలో తొందరపడితే ఏమవుతుందో మన రాష్ట్రంలోనే ఒక ఉదాహరణ ఉంది. కలివికోడి. 1900 తర్వాత ఎవరికీ కనబడలేదు. పోయిందనే అనుకున్నారు. 1986లో కడప జిల్లా సిద్ధవటం దగ్గర అడవుల్లో దొరికింది. అది రాత్రిపూట తిరిగే పక్షి. పగలు వెతికేవాళ్లకు ఎలా దొరుకుతుంది? స్థానికంగా పిట్టలు పట్టే మనిషికి దాని సంగతి తెలుసు. చేపల్లో కూడా ఇలాంటి శుభవార్తలు ఉన్నాయి. టర్కీలో బ్యాట్‌మ్యాన్ అని ఒక నది ఉంది. నిజంగా అదే పేరు, నేను జోక్ చేయడం లేదు. (నవ్వులు) ఆ నదిలో నాలుగు సెంటీమీటర్ల లోపు ఉండే సన్న చేప ఒకటి 1974 తర్వాత కనబడలేదు. నది మీద డ్యామ్ వచ్చింది. ఇక పోయినట్టే అనుకున్నారు. 2021లో ఇద్దరు టర్కీ పరిశోధకులు డ్యామ్‌కి ఎగువన రెండు చిన్న వాగుల్లో దాన్ని పట్టుకున్నారు. అందరూ దిగువన వెతికారు, వీళ్లు ఎగువకి నడిచారు. అంతే తేడా.

లేదని ముందే ప్రకటిస్తే డబ్బులు ఆగిపోతాయి, కాపలా ఆగిపోతుంది, ఏటి పక్కన ఏం కట్టినా అడిగేవాడుండడు. నిజంగా బతికున్న నాలుగు చేపలు కూడా అప్పుడు పోతాయి. జూలియెట్ చచ్చిపోయిందనుకుని రోమియో తొందరపడ్డాడు కదా, శాస్త్రవేత్తలు దీన్ని రోమియో పొరపాటు అనే పిలుస్తారు.

అలాగని ఎప్పటికీ తేల్చకుండా కూర్చోవడమూ కుదరదు. ఒహాయో రాష్ట్రంలో బిగ్ డార్బీ క్రీక్ అనే ఏట్లో సయోటో మ్యాడ్‌టమ్ అనే వేలెడు జెల్ల ఉండేది. మొత్తం చరిత్రలో దొరికినవి 18 చేపలు. చివరిది 1957లో. 1975లో రక్షిత జాబితాలో చేర్చారు. అప్పటికే అది కనబడక 18 ఏళ్లు! వెతికి వెతికి, 2023 అక్టోబరులో, మరో 20 జాతులతో కలిపి అది అంతరించిందని ప్రకటించి జాబితా నుంచి తీసేశారు. న్యూజిలాండ్‌లో అయితే ఇంకా విడ్డూరం. గ్రేలింగ్ అనే చేపను 1951లో చట్టం చేసి రక్షించారు. అది కనబడక అప్పటికే కొన్ని దశాబ్దాలు. పాపం, చట్టం చాలా పకడ్బందీగా ఉంది.

డార్టర్ల వంశంలోనే ఒక సెలబ్రిటీ ఉంది, చెప్పకపోతే బాగోదు. స్నెయిల్ డార్టర్. 1973లో టెన్నెసీలో డేవిడ్ ఎట్నియర్ అనే ప్రొఫెసర్‌కి కనబడింది. అక్కడ టెలికో అనే డ్యామ్ కడుతున్నారు. డ్యామ్ పూర్తయితే చేప పోతుందని కేసు వేశారు. 1978లో అమెరికా సుప్రీంకోర్టు ఈ ఎనిమిది సెంటీమీటర్ల చేప కోసం, దాదాపు పూర్తయిపోయిన డ్యామ్‌ని ఆపేసింది! మరుసటి ఏడాది పార్లమెంటులో ప్రత్యేక మినహాయింపు ఇచ్చి డ్యామ్ పూర్తిచేసుకున్నారు, అది వేరే సంగతి. చేపల్ని ముందే వేరే నదుల్లోకి మార్చారు, ఇంకొన్ని చోట్ల కూడా దొరికాయి. 2022లో ఆ జాతి కోలుకుందని జాబితా నుంచి తీసేశారు. 2025లో ఇంకో మలుపు. అసలది వేరే జాతే కాదు, స్టార్‌గేజింగ్ డార్టర్ అనే పాత జాతే అని ఒక అధ్యయనం తేల్చింది. దాంతో మళ్లీ రగడ.

నాకు ఈ కథలో ఆసక్తి కలిగించేది ఒకటే. డ్యామ్ కనబడుతుంది, కాబట్టి కోర్టుకి ఎక్కొచ్చు. బురద కొంచెం కొంచెంగా దిగుతుంది, దాని మీద కేసు ఎవరు వేస్తారు? మేరీలాండ్ డార్టర్ కోసం ఏ సుప్రీంకోర్టూ కూర్చోలేదు. పాపం పిత్తపరిగె.

ఇక మన ఊరికి వద్దాం.

చేపల శాస్త్రంలో విశాఖపట్నానికి చాలా పాత పేరుంది. ప్యాట్రిక్ రస్సెల్ గురించి విన్నారా? రక్తపింజరికి ఇంగ్లీషులో ఆయన పేరే పెట్టారు, రస్సెల్స్ వైపర్ అని. 1780లలో ఆయన ఇక్కడే ఉన్నారు, ఈస్టిండియా కంపెనీ వైద్యుడు, ప్రకృతి శాస్త్రవేత్త. మన రేవులో జాలర్లు తెచ్చిన చేపల్ని బొమ్మలు వేయించారు. 1803లో లండన్‌లో రెండు సంపుటాలుగా అచ్చయ్యాయి, మొత్తం 200 చేపలు. అందులో గొప్ప సంగతేమిటంటే చేపలకు ఇక్కడివాళ్లు పిలిచే పేర్లనే ఇంగ్లీషు అక్షరాల్లో రాసుకున్నారు. ఫ్రాన్స్‌లో క్యూవియే లాంటి మహామహులు ఆ బొమ్మలు చూసి కొత్త జాతులకు పేర్లు పెట్టారు. ఇక్కడి జాలరి నోట్లో మాట ప్యారిస్ దాకా వెళ్లింది.

కానీ ఆయన బొమ్మల్లో ఎక్కువ సముద్రపు చేపలు. రేవుకొచ్చేవి అవే కాబట్టి. గెడ్డల్లో వేలెడు చేపల్ని రేవుకి ఎవరు తెస్తారు?

మన చుట్టూ ఉన్న నీళ్లు ఎన్ని! మేఘాద్రిగెడ్డ, నరవ గెడ్డ, ముడసర్లోవ, గంభీరం. అటు బొర్రా దగ్గర పుట్టి తాటిపూడి మీదుగా భీమిలిలో సముద్రంలో కలిసే గోస్తని. ఇటు శారద, కొండకర్ల ఆవ. కొండ మీద పేరు లేని గెడ్డలు ఎన్నో. వీటిలో కొరమీను, మార్పు, ఇంగిలికం ఉన్నాయా అంటే మార్కెట్‌లో అడిగినా చెప్తారు, వాటికి రేటుంది కాబట్టి. రేటు లేని చేపలన్నిటినీ పరిగెలు అని ఒక్క మాటలో బుట్టలో వేసేస్తాం. ఆ బుట్టలో ఎన్ని జాతులు ఉంటాయో!

నేను పనిచేసిన చోట మ్యూజియంలో ఒక సీసా ఉండేది. నా కన్నా పాతది. లోపల ఏడెనిమిది చిన్న చేపలు, రంగంతా పోయి ఉడికిన బియ్యం రంగులోకి వచ్చేశాయి. తోక మొదట్లో మాత్రం ఒక చుక్క ఉందా లేదా అన్నట్టు కనబడేది. లేబుల్ సీసాకి బయట అతికించారు, మామూలు సిరాతో రాశారు. ఫార్మాలిన్ ఒలికి సిరా పాకిపోయింది. ‘గెడ్డ’ అన్న మాట చదవగలిగేవాళ్లం, నెల పేరు సగం. ఏ గెడ్డ, ఏ సంవత్సరం, ఎవరు పట్టారు, ఏమీ లేదు. ఆ చేపలు అంత జాగ్రత్తగా దాచి ఏం లాభం? డీర్ క్రీక్ చేపకు ఒక తేదీ, ఒక చోటు, ఒక ఏరు ఉన్నాయి. మా సీసాలో చేపలకు ఊరూ పేరూ లేదు. ఇక్కడ ఎంఎస్సీ పిల్లలు ఉన్నారు కాబట్టి చెప్తున్నాను. లేబుల్ దళసరి కాగితం మీద పెన్సిల్‌తో రాయండి, సీసా లోపలే వేయండి. పెన్సిల్ రాత ఫార్మాలిన్‌లోనూ చెరగదు, ఆల్కహాల్‌లోనూ చెరగదు. ఏ గెడ్డ, ఏ ఊరి దగ్గర, ఏ తేదీ, ఎవరు పట్టారు, ఆ ఊళ్లో దాన్ని ఏమంటారు. డీఎన్ఏ కోసం రెక్క ముక్క ఒకటి విడిగా మంచి ఆల్కహాల్‌లో పెట్టండి. అందరూ చేపల్ని చంపి సీసాల్లో వేయక్కర్లేదు. పారదర్శకంగా ఉండే ప్లాస్టిక్ డబ్బాలో నీళ్లు పోసి, చేపను అందులో ఉంచి, పక్కన స్కేలు పెట్టి, పక్కనుంచి ఫోటో తీసి వదిలేస్తే చాలు. పైనుంచి తీస్తే ఏ చేపైనా ఒకలాగే ఉంటుంది.

ఈ చేపలకు ముప్పు ఎక్కడ్నుంచి అంటే చాలా ఉన్నాయి, రెండే చెప్తాను. కొండ గెడ్డల్లో ఎండాకాలం నీళ్లు గుంటలుగా మిగిలినప్పుడు బ్లీచింగ్ పౌడర్ వేసి చేపలు పట్టడం. వందలో పది చేపలు ఏరుకుని పోతారు, తొంభై అక్కడే కుళ్లిపోతాయి, పురుగులతో సహా. రెండోది పరాయి చేపలు. తిలాపియాని 1952లో మన దేశానికి తెచ్చారు, ఇవాళ ఏ చెరువులో వల వేసినా అదే. అయితే మనమేదో అమాయకులమని అనుకోకండి. మన మార్పుకి దగ్గరి చుట్టం, ఆసియా చేపే, ఫ్లోరిడాకి వెళ్లి అక్కడ పెద్ద విలన్ అయి కూర్చుంది. (నవ్వులు) ప్రపంచంలోని వంద చెడ్డ చొరబాటుదారుల జాబితాలో దానికీ చోటు దక్కింది.

నేను చెప్పాలనుకున్నది అయిపోయింది. ప్రశ్నలు ఉంటే అడగండి.

ఒక విద్యార్థిని: సర్, నిజంగా అడుగుతున్నాను. ఇంత చిన్న చేప ఒకటి లేకపోతే ఏమవుతుంది?

అమ్మా, సూటిగా చెప్పమంటే, రేపు ఉదయం ఏమీ కాదు. డీర్ క్రీక్ ఇవాళ కూడా పారుతూనే ఉంది. ఉపయోగం చెప్పమంటే చెప్పగలను. 1822లో హామిల్టన్ అనే ఆయన గంగా పరీవాహకపు చేపలను వర్ణిస్తూ అందులో ఒక చారల చేప గురించి రాశాడు. నూటయాభై ఏళ్లు దాన్ని పట్టించుకున్నవాళ్లు తక్కువ. తర్వాత అమెరికాలో స్ట్రైసింగర్ అనే శాస్త్రవేత్త దాన్ని ల్యాబ్‌లో పెంచడం మొదలుపెట్టారు. గుడ్డు గాజులా ఉంటుంది, లోపల గుండె ఏర్పడటం మైక్రోస్కోప్ కింద కళ్లారా చూడొచ్చు. అదే జీబ్రాఫిష్. ఇవాళ జబ్బుల మీద పరిశోధన చేసే ల్యాబుల్లో ప్రపంచమంతా అదే. అయితే నాకు ఈ జవాబు పెద్దగా నచ్చదు. పనికొస్తేనే బతకాలి అంటే ఈ హాల్లో రిటైరైన వాళ్లం చాలామందిమి ఇబ్బందిలో పడతాం. (నవ్వులు)

ఇంకో విద్యార్థి: సర్, మ్యూజియంలో ఉన్న మేరీలాండ్ డార్టర్ నుంచి క్లోనింగ్ చేయొచ్చా?

చేపను చేసినా ఎక్కడ వదులుతావు బాబూ? రాళ్ల సందుల్లో బురద అలాగే ఉంది. ముందు ఏరు బాగుపడాలి. అది బాగుపడితే, ఏమో, చేప దానంతట అదే ఏ మూల నుంచో రావచ్చు కూడా.

ఒక పెద్దాయన: మాస్టారూ, మా వీధి డ్రైనేజీలో గంబూషియా చేపలు వదిలారు. దోమలు తగ్గుతాయని చెప్పారు. అది కూడా పరాయి చేపే కదా? వద్దంటారా?

పరాయిదే. 1928లో ఇటలీ నుంచి తెచ్చారు. ఇందాక చెప్పిన వంద చొరబాటుదారుల జాబితాలో గంబూషియా కూడా ఉంది. దోమ పిల్లల్ని తింటుంది, అబద్ధం కాదు. అక్కడితో ఆగదు. వేరే చిన్న చేపల రెక్కలు కొరుకుతుంది, వాటి పిల్లల్ని మింగుతుంది. గుడ్లు పెట్టదు, నేరుగా పిల్లల్నే కంటుంది కాబట్టి త్వరగా పెరిగిపోతుంది. డెంగీ, మలేరియా టెన్షన్ ఉన్న ఊళ్లో ఉంటూ దోమల్ని వదిలేయమని నేను చెప్పను. వాడుకలో లేని బావి ఉంది, సిమెంటు తొట్టి ఉంది, అందులోంచి నీళ్లు ఎక్కడికీ పోవు, అక్కడ వేసుకోండి. మీ వీధి డ్రైనేజీ ఎక్కడికి పోతుందో ముందు చూడండి. వానాకాలం అది పొంగి గెడ్డలోకి పోతే, చేప కూడా పోతుంది. గెడ్డకి, చెరువుకి అయితే మన నీళ్లలోనే పుట్టిన చేప ఒకటుంది. అప్లోకైలస్ జాతి. మీరు చూసే ఉంటారు, నీటి పై పొర కిందే కదలకుండా నిలబడుతుంది, నడినెత్తి మీద వెండి చుక్క మెరుస్తుంటుంది. దోమ పిల్లల్ని అదీ బాగానే తింటుంది. అయితే దాన్ని కూడా ఎక్కడో దూరం నుంచి తెచ్చి వేయకండి. అదే గెడ్డలో ఎగువ నుంచి పట్టి, అదే గెడ్డలో వేయండి. పట్టిన తేదీ మాత్రం రాసుకోండి, పెన్సిల్‌తో.